జపాను దర్శకుడి గదులు, మా పది అడుగుల గది

సినిమాల్లో కనిపించే ఇళ్లు నిజం ఇళ్ల కన్నా పెద్దవి. చూసేవాళ్లకు ఆ సంగతి తెలియదు. నాకు తెలుసు, ఎందుకంటే నేను నాచారంలో ఒక సెట్ వర్క్‌షాపులో లెక్కలు చూస్తాను. ఒక గది వేయాలంటే ఎన్ని ప్లై పలకలు పడతాయి, వాటి వెనక ఎంత కర్ర కొట్టాలి, రంగు ఎంత కలపాలి, ఇదీ నా పని. చదువు పదో తరగతి దగ్గరే ఆగింది. వడ్రంగి మేస్త్రీల వెనక టేపు పట్టుకుని తిరుగుతూ, మిగిలిన ప్లై ముక్కల మీద పెన్సిలుతో గుణించుకుంటూ ఈ లెక్క నేర్చుకున్నాను.

మా పనిలో ఒక అలవాటు ఉంది. ఎవరు ఏ గది కొలత ఇచ్చినా దానికి పావు వంతు కలుపుతాం. మనుషులు తిరిగే చోటే కెమెరా తిరగాలి, లైటు స్టాండ్లు నిలబడాలి. పది అడుగుల గది చెప్తే పన్నెండున్నర వేస్తాం. పైకప్పు వేయం, లైట్లు పైనుంచి వేలాడాలి కాబట్టి. కెమెరా ఉండే వైపు గోడ వేయం. ఇలా వేసిన గది తెర మీద మామూలు గదిలాగే కనిపిస్తుంది. ఈ పావు కలపడం గురించి ఎవరూ ఎవరికీ చెప్పరు, చెప్పాల్సిన అవసరం ఉందని కూడా అనుకోరు.

మా అక్క కూతురు టీవీ సీరియళ్లలో అసిస్టెంట్ డైరెక్టరుగా చేరి, కో-డైరెక్టర్ దాకా వచ్చింది. వాళ్ల అమ్మ, అంటే మా అక్క, జనగామ వైపు నుంచి వచ్చి ఇక్కడ ఒక బిస్కెట్ల ఫ్యాక్టరీలో ప్యాకింగ్ పనికి కుదిరింది. తల్లీ కూతుళ్లు చెంగిచెర్లలో రేకుల కప్పున్న ఒక గదిలో ఉంటారు. పిల్ల షూటింగ్ ముగించుకుని వచ్చేసరికి తల్లి పొద్దున షిఫ్టుకు బయలుదేరుతూ ఉంటుంది. ఆ గది గురించే మా మేనకోడలు ఒక కథ రాసింది.

ఆమెకు ఆ కథ రాసే ధైర్యం ఇచ్చింది ఒక జపాను దర్శకుడు. ఆయన పేరు నాకు ఇప్పటికీ సరిగ్గా పలకడం రాదు కాబట్టి ఇక్కడ రాయను. ఆదివారం మధ్యాహ్నాలు ఉప్పల్‌లో మా ఇంటికి వచ్చి, టీవీకి తన ల్యాప్‌టాప్ తగిలించి, ఆయన సినిమాలు ఒక్కొక్కటిగా పెట్టేది. కింద ఇంగ్లీషు అక్షరాలు వస్తుంటే ఆమె మాకు తెలుగులో చెప్పేది.

పిల్ల పెట్టిన మొదటి సినిమా చూస్తూ మా ఆవిడ సగంలో లేచింది. "గీళ్లు ఎప్పుడు సూసినా కూసునే ఉంటరేందే? ఎవలూ లేవరా?"

"లేస్తరత్తా, జర ఓపిక పట్టు."

"వాళ్లు లేసే లోపు నేను నల్లా నీళ్లు పట్టుకొస్త."

నీళ్లు పట్టి వచ్చింది. వాళ్లు కూర్చునే ఉన్నారు. ఈసారి మా ఆవిడ కూడా కూర్చుంది. చివర్లో తండ్రి ఒక్కడే యాపిల్ పండు చెక్కు తీస్తుంటే కొంగుతో కళ్లు తుడుచుకుంది. ఏమైందని అడిగితే, ఏం కాలేదు, ఉల్లిగడ్డలు తరిగాను కదా అంది. ఆ రోజు మా ఇంట్లో ఉల్లిగడ్డ వేయని పప్పుచారు.

నేను మాత్రం నేల చూసేవాణ్ణి. ఆ దేశంలో గదుల్లో నేల మీద చాపలు పరిచి ఉంటాయి. మన తుంగచాపలు కావు. గడ్డి కుక్కి గట్టిగా చేసిన పలకల్లాంటివి, గదిలో ఇటు నుంచి అటు దాకా అమర్చి ఉంటాయి. ఒక్కో చాప ఇంచుమించు ఆరడుగుల పొడుగు, మూడడుగుల వెడల్పు. అక్కడ గది ఎంత అంటే అడుగుల్లో చెప్పరట, ఎన్ని చాపల గదో చెప్తారట. ఇది వినగానే నాకు ప్రాణం లేచొచ్చింది. భాష రాకపోయినా, చాపలు లెక్కపెడితే గది కొలత వచ్చేస్తుంది. ఆరు చాపలంటే తొమ్మిదికి పన్నెండు. ఎనిమిదంటే పన్నెండుకు పన్నెండు. నాలుగున్నర చాపల గది కూడా ఉంటుంది, అది తొమ్మిదికి తొమ్మిది, మధ్యలో అర చాప.

"మామా, నువ్వు సినిమా సూస్తున్నవా, నేల కొలుస్తున్నవా?" అని పిల్ల నవ్వేది.

రెండూ చేస్తున్నాను. అలా లెక్కపెడుతూ పోతే ఆయన బతుకంతా నాకు గదుల్లోనే కనిపించింది. కుర్రతనంలో ఒక పెద్ద సినిమా కంపెనీలో అసిస్టెంటుగా చేరాడు. క్లాప్ కొట్టాడు, టీలు అందించాడు, వేరే దర్శకుల చేత తిట్లు తిన్నాడు. తీరిక దొరికినప్పుడల్లా కథలు రాశాడు. రాసినవాటిని కంపెనీ వేరేవాళ్ల చేత తీయించింది. ఆయన చేతికి సినిమా ఇచ్చేసరికి ఆయనతో పాటు చేరినవాళ్లు చాలామంది వేరే పనుల్లోకి వెళ్లిపోయారట. మొదటి సినిమాలు కంపెనీ సెట్లలో తీశాడు. వాటిలో గదులు పెద్దవి, పన్నెండు చాపలవి కూడా ఉన్నాయి. మనుషులు ఒక మూల నుంచి ఇంకో మూలకు మాట్లాడుకుంటారు. అవి బాగానే ఉంటాయి. కానీ మా ఆవిడ ఉల్లిగడ్డలు తరిగింది వాటికి కాదు.

తర్వాత జనం సినిమాహాళ్లకు రావడం తగ్గింది. కంపెనీ ఆయన్ని పంపించేసింది. ఆ తర్వాత చాలాకాలం ఆయన టీవీకి రాశాడు. ఆ కాలం గురించి మా మేనకోడలు ఎప్పుడూ కాస్త నెమ్మదిగా చెప్పేది. ఆయన పేరు టైటిల్స్‌లో అలా వచ్చి ఇలా వెళ్లిపోయేదని, అడిగినవన్నీ రాసి ఇచ్చేవాడని, ఒక్కసారి కూడా తనని తీయనివ్వమని గొడవ పెట్టుకోలేదని. మళ్లీ ఆయన చేతికి కెమెరా వచ్చేసరికి నడివయసు దాటిపోయింది. ఒక చిన్న కంపెనీ, కొద్దిమంది మనుషులు. కథ తనదే, మాటలు తనవే, తీసిందీ తనే. అప్పుడు తీసినవి ఆరు చాపల గదులు, నాలుగున్నర చాపల గదులు. మేం తండ్రి యాపిల్ చెక్కు తీయడం చూసింది ఈ చిన్న గదుల సినిమాల్లో మొదటిది. పిల్ల మాకు ముందుగా అది చూపించి, మమ్మల్ని పట్టుకుని, ఆ తర్వాతే వెనక్కి వెళ్లి వరస మొదలుపెట్టింది.

"రాసినోడే తీసిండు మామా," అనేది. "అందుకే గట్ల వచ్చింది."

ఆమెకు ఆ మాట ఎందుకు అంత ముఖ్యమో నాకు అర్థమైంది. సీరియళ్లలో ఆమె రాసిన సీన్లు చాలా వచ్చాయి. దర్శకులు తీసుకుని, బాగుందమ్మా అని, వాళ్లకు తోచినట్టు తీసేవాళ్లు. రాయడం నీకు బాగా వచ్చు, తీయడం వేరే సంగతి అని ఒకాయన భుజం తట్టి మరీ చెప్పాడట.

ఇప్పుడు చెంగిచెర్ల గది కథను ఓటీటీకి చిన్న సినిమాలు తీసే ఒక నిర్మాతకు పంపింది. ఆ నిర్మాత మంచి మనిషి, ముక్కుసూటి మనిషి. కథ నచ్చిందని ఫోన్ చేసి, దర్శకత్వానికి మాత్రం అనుభవం ఉన్నవాళ్లను పెడతానని చెప్పింది. పిల్ల బతిమాలితే ఒక దారి చూపించింది. ఒక్క సీను తీసి చూపించు, నేనే వచ్చి చూస్తాను. బాగుంటే నువ్వే తీయి. లేకపోతే కథ నాకిచ్చేసి పక్కకు తప్పుకో.

పిల్ల ఒప్పుకుంది. ఒప్పుకున్నాక మా ఇంటికి వచ్చి, అన్నం కలుపుకుని తినకుండా కూర్చుంది. "ఈ కథ కూడ వేరేటోళ్లు తీస్తే నేనింక ఏం రాయ మామా," అంది. బెదిరింపులా అనలేదు. లెక్క చూసుకుని చెప్పినట్టు అంది. అందుకే నాకు భయమేసింది.

వేరే ఒక సీరియల్‌కు సెలవు రావడంతో నాచారంలో ఒక షూటింగ్ ఫ్లోర్ రెండు రోజులు ఖాళీగా దొరికింది. మా యజమాని పాత పలకలు వాడుకోమన్నాడు. పిల్ల గది కొలత కాగితం మీద రాసి ఇచ్చింది. నేను లెక్క వేసి మా వడ్రంగి మేస్త్రికి ఇచ్చాను. సెట్ వేసిన రోజు నేను పోచారంలో ఒక ఐటీ క్యాంపస్ ఫంక్షన్‌కు స్టేజీ కొలతలు తీయడానికి వెళ్లాను, పిల్ల సీరియల్ షూటింగ్‌లో ఉంది. మేమిద్దరం దాన్ని చూసింది షూటింగ్ రోజు పొద్దునే.

పిల్ల గుమ్మంలోనే ఆగిపోయింది.

"మామా, గిది మా ఇల్లు కాదు. ఫంక్షన్ హాలు."

మేస్త్రి చేతులు దులుపుకుంటూ వచ్చాడు. "ఎట్లుంది మేడం? మంచిగ ఇశాలంగ వేసిన. కెమెరా ఎటంటే అటు తిరుగుతది."

నేను టేపు తీసి పట్టాను. ఇరవై అడుగులు. తమ గది పది అడుగులేనని పిల్ల అంది. తర్వాత ముగ్గురం ఎవరి కొలత వాళ్లు చెప్పుకున్నాం. సెట్ల అలవాటు తెలిసిన పిల్ల కదా, తనే ముందుగా పావు కలిపి పన్నెండున్నర అని రాసింది. నేను అదే అసలు గది అనుకుని దాని మీద ఇంకో పావు కలిపాను. పదిహేనున్నర దాటింది. మా పలకలు నాలుగడుగుల వెడల్పువి కాబట్టి సరిచేసి పదహారు రాశాను, గోడకు నాలుగు పలకలు. మేస్త్రి ఆ పదహారును చూసి, ఇది ఇంటి కొలత అయ్యుంటుందని తన పావు తను కలిపాడు. గోడకు ఐదు పలకలు. మూడు పావులు కలిస్తే ముప్పావు పెరిగిందనుకుంటాం. పావు మీద పావు, దాని మీద పావు వేస్తే ఇంచుమించు రెండింతలు అవుతుంది. ముగ్గురమూ ఆమె మేలు కోరే కలిపాం.

"అంటే అందరం మంచిగనే జేసినం," అన్నాడు మేస్త్రి, తల గోక్కుంటూ.

పిల్ల రిహార్సల్ పెట్టింది. సీను చిన్నది. తల్లి షిఫ్టుకు బయలుదేరుతూ ఉంటుంది. కూతురు అప్పుడే పని నుంచి వచ్చి బొంత మీద వాలిపోయింది. తల్లి అటు వైపున్న టిఫిన్ డబ్బా తీసుకోవాలంటే కూతుర్ని దాటాలి. అంతే, మాటలు లేవు. కూతురి వేషానికి సీరియళ్లలో చేసే ఒక అమ్మాయి, తల్లి వేషానికి నాటకాల్లో పండిపోయిన ఒక పెద్దావిడ వచ్చారు, అందరూ ఆ పెద్దావిడను పెద్దమ్మా అనే పిలిచేవాళ్లు. ఆమె తలుపు దగ్గర నుంచి నడిచింది, నడిచింది, కూతురికి ఎక్కడో దూరంగా డబ్బా దాకా వెళ్లింది. దాటడానికి ఏమీ లేదు.

ఆగి, వెనక్కి తిరిగి అంది, "బిడ్డా, ఆ పిల్ల దగ్గరికి పోవాలంటే నేను ఆటో ఎక్కాలె."

అందరూ నవ్వారు. పిల్ల నవ్వలేదు. కెమెరామన్ దగ్గరికి వచ్చి నెమ్మదిగా, "ఫికర్ చెయ్యకున్రి మేడం, దగ్గర దగ్గరగ మొకాలు తీసుకుందాం. గది ఎంతున్నదో ఎవలకు తెలుస్తది?" అన్నాడు. అతను తప్పేమీ చెప్పలేదు. మా పనిలో ఎవరైనా అదే చెప్తారు. నిర్మాత మధ్యాహ్నం భోజనాల తర్వాత వస్తానంది. నేను కూడా సరే అనేవాణ్ణే.

పిల్ల సెట్ మధ్యలోకి వెళ్లి బొంత మీద కూర్చుంది. కాళ్లు చాపి, చెయ్యి చాపి చూసింది. గోడ అందలేదు. లేచి వచ్చి మేస్త్రితో, "అన్నా, గోడలు లోపలికి రావాలె," అంది.

"కోస్తె రంగు పోతది మేడం. మల్ల పూసి అది ఆరేసరికి పొద్దు గూకుతది."

"కోయొద్దు. రావాలె అంటున్న."

మేస్త్రి గోడల వెనక్కి వెళ్లాడు. వెనక కొట్టిన ఆనుడు కర్రలు చూశాడు. కాసేపటికి వెనక నుంచి అతని గొంతు వినిపించింది. "అన్నా, కోయకుండ తోస్తె? పక్క గోడలకు వెనక రెండేసి పలకలు ఊడదీసి లోపలికి తోసి, వెనక గోడను ముందుకు తోస్తె, ఎక్కువున్నది బయటి దిక్కు మిగులుతది. కెమెరాకు బయటి దిక్కుతోని పనేంది?"

నేను కిటికీ, తలుపు ఎక్కడ పడతాయో చూశాను. కిటికీ వెనక గోడకు సరిగ్గా మధ్యలో ఉంది, రెండు వైపుల నుంచి గోడలు వచ్చినా మూతపడదు. తలుపు పక్క గోడలో ముందు సగంలో ఉంది, అదీ మిగులుతుంది. "సరిపడ్తది," అన్నాను.

"ఇంకోటి," అంది పిల్ల. "మీద రేకులు కావాలె."

ఇది విని లైట్‌మన్ పైనుంచి దిగివచ్చాడు. "రేకులేస్తె నా లైటు ఏడ పెట్టాలె మేడం? నా నెత్తి మీద పెట్టుకోవాల్నా?"

"కిటికీల కెల్లి రానియ్యన్నా. మా ఇంట్ల గట్లనే వస్తది."

"చీకటుంటది."

"ఉంటది."

ఆమె గొంతు పెంచలేదు. కానీ ఇన్నేళ్లలో ఆమె సెట్ మీద ఎవరితోనైనా ఓకే సార్ అనడమే విన్నాను. ఇలా రెండు ముక్కల్లో తేల్చేయడం విన్నది అదే మొదటిసారి. లైట్‌మన్ ఒకసారి నా వైపు చూశాడు. నేను రేకుల కోసం గోడౌన్‌కు బయలుదేరాను.

రేకులు ఆటో ట్రాలీలో వేయించుకుని తిరిగి వచ్చేసరికి గోడలు కదులుతున్నాయి. వడ్రంగులతో పాటు కెమెరామన్, మేకప్ అమ్మాయి, అందరూ తలో చెయ్యి వేశారు. మల్లాపూర్ వైపు రోడ్డు తవ్వారని ఆలస్యమవుతుందనుకున్న నిర్మాత, ఆ దారి వదిలేసి వేరే దారిలో ముందే వచ్చేసింది. నా వెనకే ఫ్లోర్‌లోకి అడుగుపెట్టి, సెట్ లేదు, కెమెరా మూతేసి ఉంది, అందరూ గోడల వెనక ఉన్నారు, అది చూసి ఆగింది.

"డైరెక్టర్ ఎక్కడ?" అని లైట్‌మన్‌ను అడిగింది.

"గా గోడకు భుజమానిచ్చి తోస్తున్నది సూడున్రి, ఆమెనే."

పిల్ల చెమట తుడుచుకుని వచ్చి దండం పెట్టి, "మేడం, గది పెద్దగైంది, చిన్నగ చేస్తున్నం. జర సేపు కూసోండి," అంది. సంజాయిషీ ఇంకేమీ చెప్పలేదు. నిర్మాత ఒక కుర్చీ లాక్కుని కూర్చుంది. టీ తెస్తే తాగింది. ఫోన్ చూసుకోలేదు, అది నేను గమనించాను.

పది అడుగుల గది నిలబడింది. పైన రేకులు పడ్డాయి. కెమెరా లోపలికి పట్టదు కాబట్టి గోడ లేని వైపున, నేలకు కాస్త పైన పెట్టారు. కెమెరామన్ బోర్లా పడుకుని, "నడుము పోతది మేడం," అని ఒకసారి గొణిగి, కన్ను ఆనించాక మళ్లీ గొణగలేదు. కిటికీ లోంచి వెలుతురు బొంత దాకా వచ్చి ఆగింది.

మొదటిసారి పెద్దమ్మ మోకాలు ఇనప పెట్టెకు తగిలింది. "అమ్మో, ఇప్పుడిది ఇల్లు," అని నవ్వేసింది. రెండోసారి బాగానే వచ్చింది. పిల్ల ఇంకోసారి అంది.

మూడోసారి పెద్దమ్మ కూతుర్ని దాటి, డబ్బా అందుకుని, తిరగబోయి ఆగిపోయింది. ఆమె చీర కొంగు కూతురి భుజం కింద ఇరుక్కుంది. అది ఎవరూ అనుకున్నది కాదు. కట్ అంటారేమోనని పెద్దమ్మ ఒక క్షణం చూసింది. మా మేనకోడలు అనలేదు. పెద్దమ్మ డబ్బా చంకలో పెట్టుకుని, వంగి, కొంగును దారం దారంగా లాక్కుంటున్నట్టు లాక్కుంది. పూర్తిగా వచ్చాక, కూతురు కదలలేదని చూసుకుని, తలుపు తీసుకుని వెళ్లిపోయింది. అప్పుడు పిల్ల కట్ అంది.

నిర్మాత మానిటర్ దగ్గరికి వచ్చి అది మళ్లీ వేయించుకుని చూసింది.

"కొంగు ఇరుక్కోవడం కాగితంలో ఉందా?"

"లేదు మేడం."

"మరి కట్ ఎందుకు చెప్పలేదు?"

"ఎట్ల తీసుకుంటదో సూద్దామని."

"మెల్లగా తీసుకోకుండా గట్టిగా లాగేసి ఉంటే?"

"అప్పుడు బిడ్డ లేస్తది. లేస్తే ఇద్దరు మాట్లాడుకోవాలె. అది నేను వేరే తీర్గ రాస్తుంటి."

నిర్మాత తల ఊపింది. బ్యాగు భుజానికి తగిలించుకుంటూ, "మిగతాది రాసి పంపించు. నేను డైరెక్టర్ కోసం వెతకడం ఆపేస్తాను," అంది. వెళ్తూ వెళ్తూ మేస్త్రి దగ్గర ఆగి, గోడ బయటకు పొడుచుకొచ్చిన భాగాన్ని వింతగా చూసి, చేత్తో తట్టింది. ఆమె కారు గేటు దాటాక మేస్త్రి, "నా పావు లేకుంటె గీ సినిమానే లేదు," అన్నాడు. ఈసారి పిల్ల అందరి కన్నా గట్టిగా నవ్వింది.

సంతకాలు ఇంకా కాలేదు. నటులు కుదరాలి, తేదీలు కుదరాలి. ఈ పనిలో ఏదైనా ఎక్కడైనా ఆగిపోవచ్చని నాకు తెలుసు. కానీ పిల్ల రాయడం ఆపలేదు. గది ఈసారి పూర్తిగా వేయాలి, వంట మూల, బయటి అరుగు, అన్నీ. అందుకని ఆదివారం నేను టేపు తీసుకుని చెంగిచెర్ల వెళ్లాను. నోటి కొలత ఎవరిదీ నమ్మేది లేదని, అసలు గదిని అసలు కొలతతో రాసుకుందామని ఇద్దరం అనుకున్నాం.

మా అక్క బియ్యం ఏరుతూ గది మధ్యలో కూర్చుని ఉంది. పిల్ల ఒక గోడ దగ్గర టేపు కొస పట్టుకుంది, నేను ఇంకో గోడ దగ్గర.

"అమ్మా, జర కాళ్లు ముడుసుకో."

"ఇంట్ల కూసోనియ్యరా ఏంది మీరు? ఎంతొచ్చింది?"

"పదే."

"గంతేనా?" మా అక్క చేట పక్కన పెట్టి గది చుట్టూ చూసింది. "అందరు సూసేటిది. సినిమాల జర పెద్దగ సూపియ్యే."

"సూపియ్యనమ్మా," అంది దర్శకురాలు టేపు మీద నుంచి తల ఎత్తకుండా, ఆ కొలత రాసుకుంటూ.